కేడర్ మారింది, పోస్టులు కలిశాయి: నా సీనియారిటీ ఏ తేదీ నుంచి?

మీ ప్రశ్న నాకు అర్థమైనంత వరకు ఇది. 2008లో ఉమ్మడి నల్గొండ జిల్లాలో ఒక స్థానిక సంస్థలో జూనియర్ అసిస్టెంటుగా చేరారు. 2016 అక్టోబరులో జిల్లాలు విడిపోయినప్పుడు ‘ఆర్డర్ టు సర్వ్’ మీద, అంటే కేడర్ మార్చకుండా అక్కడ పనిచేయమన్న తాత్కాలిక ఉత్తర్వు మీద, సూర్యాపేటకు పంపారు. 2021 డిసెంబరు కేటాయింపులో ఆ సూర్యాపేటే మీ కేడర్ (మీ నియామకం, సీనియారిటీ లెక్కించే ఉద్యోగుల వర్గం) అయింది, మీరు ఆప్షన్ ఫారంలో మొదట రాసింది నల్గొండ అయినా. ఇప్పుడు మీ సంస్థ పోస్టులను పునర్వ్యవస్థీకరించి, టైపిస్టులనూ జూనియర్ అసిస్టెంట్లనూ ఒకే కేటగిరీలో చేర్చి, ఉమ్మడి ముసాయిదా జాబితా పెట్టింది. అందులో మీ పైన కొత్తగా ఇద్దరు కనబడుతున్నారు. ఒకరు 2006లో టైపిస్టుగా చేరినవారు. ఇంకొకరు 2012లో జూనియర్ అసిస్టెంటుగా చేరి 2022లో పరస్పర బదిలీ మీద సూర్యాపేటకు వచ్చినవారు. అభ్యంతరాలకు ఇచ్చిన 15 రోజుల్లో 4 రోజులు అయిపోయాయి. ‘మీరు ఆప్షన్ ఇచ్చి వచ్చారు కదా, సూర్యాపేటలో చేరిన తేదీ నుంచే లెక్క’ అని సెక్షన్‌లో అంటున్నారు. పదమూడేళ్ల సర్వీసు గంగలో కలిసినట్టేనా అని అడిగారు.

కలవలేదు. మీ 2008 తేదీ మీదే. కేటాయింపు మీద వచ్చిన ఉద్యోగి పాత సర్వీసు కొత్త కేడర్‌లో లెక్కకు వస్తుంది. 2006 నాటి టైపిస్టు మీ పైన ఉండటం చాలావరకు సబబే, దాని మీద మీ శక్తి ఖర్చు చేయకండి. 2012లో చేరిన వ్యక్తి మీ పైన ఉండటం తప్పు. అయితే ఆ తప్పు ఆయన వరుసలో కాదు, మీ వరుసలో ఉంది. మీ తేదీ సరిదిద్దితే ఆయన తనంతట తానే మీ కిందికి వెళ్తారు.

నల్గొండలోనూ పాలమూరులోనూ కలిపి ముప్పై ఏళ్లకు పైగా ఎస్టాబ్లిష్‌మెంట్ సీట్లలో, అంటే ఉద్యోగుల సర్వీసు వ్యవహారాలు చూసే సీట్లలో, పనిచేశాను. ఇలాంటి జాబితాలు తయారు చేశాను, వాటి మీద వచ్చిన అభ్యంతరాలకు నోట్ ఫైళ్లు రాశాను. ఆ అనుభవంతో ఒక మాట చెప్పగలను. జాబితా గోడకు అంటించగానే అందరూ తమ పైన ఎవరున్నారో చూస్తారు. తమ పేరుకు ఎదురుగా ఏ తేదీ వేశారో, ఏ కాలమ్ ఖాళీగా ఉందో చూసేవారు పదిమందిలో ఇద్దరు కూడా ఉండరు. మీరు కూడా ఆ ఇద్దరి పేర్లు, వాళ్ల వివరాలు రాశారు గానీ మీ పేరు ఎదుట ‘నియామక తేదీ’, ‘ఈ కేడర్‌లో సీనియారిటీ లెక్కించిన తేదీ’ అనే చోట్ల ఏముందో రాయలేదు. రెండోచోట 2021 డిసెంబరో 2022 జనవరో ఉంటుందని నా అనుమానం. మొదట దాన్ని చూడండి.

ఇక కారణాలు. సీనియారిటీ గొడవల్లో మూడొంతులు ఒకే ప్రశ్న దగ్గర తేలిపోతాయి: మిమ్మల్ని ప్రభుత్వం కదిలించిందా, మీరు కోరి కదిలారా? రాష్ట్ర, సబార్డినేట్ సర్వీసు నిబంధనల్లో 33వ నిబంధన మూలసూత్రం చెబుతుంది. ఒక కేటగిరీలో సీనియారిటీ ఆ కేటగిరీలో మొదటి నియామక తేదీని బట్టి ఉంటుంది. ఒక యూనిట్ (ఒకే సీనియారిటీ జాబితా ఉండే నియామక పరిధి) నుంచి ఇంకో యూనిట్‌కు మారినప్పుడు ఏమవుతుందన్నది 35వ నిబంధన. పరిపాలనా కారణాలతో మారిస్తే పాత యూనిట్‌లోని నియామక తేదీ వెంట వస్తుంది. సొంత కోరికపై మారితే కొత్త యూనిట్‌లో చేరిన రోజు నుంచే లెక్క, అంటే అక్కడి వారందరి కింద నిలబడాలి. కోరి వచ్చిన ఒక్కరి కోసం అక్కడ ఏళ్లుగా ఎదురుచూస్తున్నవారిని వెనక్కి నెట్టకూడదు కదా, అందుకు ఆ నియమం.

మీ సెక్షన్ వారు చేస్తున్న పొరపాటు ‘ఆప్షన్’ను ‘కోరిక’గా చదవడం. 2018 నాటి రాష్ట్రపతి ఉత్తర్వులు పాత జిల్లా కేడర్లను, పాత జోన్లను తీసేసి 7 జోన్లు, 2 మల్టీ జోన్లు పెట్టాయి. మీ సూర్యాపేట యాదాద్రి జోన్‌లో నల్గొండ, యాదాద్రి భువనగిరి, జనగామలతో కలిసి ఉంది. పాలమూరు వైపు మహబూబ్‌నగర్, నారాయణపేట, జోగులాంబ గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ జోగులాంబ జోన్‌లో ఉన్నాయి. పాత కేడరే లేకుండా పోయాక అందులోని ప్రతి ఉద్యోగినీ ఏదో ఒక కొత్త కేడర్‌లో పెట్టక తప్పదు. ఆ పని కోసం 2021 డిసెంబరు 6న జీవో 317 వచ్చింది. ఆప్షన్ ఫారం అందరి చేతా నింపించారు. సీనియారిటీ వరుసలో ఒక్కొక్కరి ఆప్షన్ చూసి, ఖాళీ ఉన్న చోటికి కేటాయించారు. మీరు నల్గొండ రాస్తే సూర్యాపేట ఇచ్చారంటేనే అది మీ కోరిక కాదని తెలిసిపోతోంది. ఒకవేళ మీరు సూర్యాపేటే మొదట రాసి అదే వచ్చినా నా సమాధానం మారదు. ఎక్కడికైనా వెళ్లి తీరాల్సిన వ్యక్తిని ‘ఏ ఊరు మేలు’ అని అడిగితే చెప్పిన జవాబు, బదిలీ దరఖాస్తు అవ్వదు.

ఇంకొక్క విషయం కూడా మీ అభ్యంతరంలో రాయండి. ఆ కేటాయింపు జరిగిందే ఉమ్మడి జిల్లా సీనియారిటీ జాబితా మీద. ఏ 2008 తేదీని చూసి మీ వంతు నిర్ణయించారో, కేటాయింపు అవగానే ఆ తేదీనే చెరిపేస్తామంటే పొసగదు. ఈ మాట దగ్గర సెక్షన్ ఆగి ఆలోచిస్తుంది.

‘ఆర్డర్ టు సర్వ్’ కాలం గురించి కూడా కొందరు గందరగోళం చేస్తారు. 2016 అక్టోబరు నుంచి 2021 డిసెంబరు దాకా మీరు సూర్యాపేటలో కూర్చుని పనిచేసినా మీ కేడర్ ఉమ్మడి నల్గొండే. ఆ ఐదేళ్లు మీకు నష్టమూ కాదు, ముందునుంచీ ఇక్కడే ఉన్నానని పైకి జరిగే హక్కూ ఇవ్వదు.

ఉత్తర్వులో ఒక్క మాట ఎంత పని చేస్తుందో నేను కళ్లారా చూశాను. దేవరకొండ వైపు నుంచి వచ్చిన ఒక ఉద్యోగిని, భర్త పోయి, ఇద్దరు పిల్లలతో ఉన్నారు. ఒక కార్యాలయంలో పోస్టు రద్దయి ఆమెను మరో యూనిట్‌కు పంపారు. ఆ ఉత్తర్వును టైపు చేసినవారు పాత నమూనాను ముందు పెట్టుకుని చేశారు. అందులో ‘సొంత కోరికపై’ అన్న మాట అలాగే వచ్చేసింది. ఆమె చదవలేదు, చదివినా దాని బరువు తెలిసేది కాదు. తొమ్మిదేళ్ల తర్వాత ప్రమోషన్ ప్యానెల్ (ఆ ఏడాది ప్రమోషన్‌కు అర్హుల జాబితా) తయారవుతుంటే ఆమె పేరు చిట్టచివర ఉంది. ఆమె నా సీటు దగ్గరికి వచ్చి ఏడ్చిన రోజు నాకు ఇప్పటికీ గుర్తుంది. దరఖాస్తు పెట్టలేదని ఆమె అంటారు, ఉత్తర్వు పెట్టారంటుంది. లేని దరఖాస్తును లేదని రుజువు చేయడం ఎలా?

బిల్లుల సీటులో పాత కట్టలు విప్పించాం. సొంత కోరికపై బదిలీ అయితే బదిలీ ప్రయాణ భత్యం రాదు. ఆమెకు ఆ భత్యం బిల్లు పాసై, డబ్బు చెల్లించి, సర్వీసు రిజిస్టరులో నమోదై ఉంది. చేరడానికి ఇచ్చిన గడువు కూడా అందులో ఉంది. ఆ రెండు నమోదుల నకళ్లు పెట్టి నోట్ రాస్తే, నియామకాధికారి సవరణ ఉత్తర్వు ఇచ్చారు. ఆమె పదకొండు స్థానాలు పైకి వచ్చారు. అప్పటి నుంచి సీనియారిటీ విషయమై ఎవరు వచ్చినా సర్వీసు రిజిస్టరు పూర్తిగా, మొదటి పేజీ నుంచి చూడమని చెబుతున్నాను. మీ ఉత్తర్వు పీఠికలో రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రస్తావన, జీవో 317 ప్రస్తావన ఉండాలి. అవి ఉంటే ‘కోరిక’ వాదనకు చోటు లేదు. ఏ మూలనైనా ‘అభ్యర్థన మేరకు’ అని ఉంటే మాత్రం ముందు దాన్ని సవరించమని విడిగా అర్జీ పెట్టాలి.

ఇప్పుడు టైపిస్టు సంగతి. మీకు కష్టంగా ఉంటుందని తెలుసు. నిన్నటిదాకా వేరే జాబితాలో ఉన్న మనిషి ఇవాళ మీ నెత్తిన కూర్చున్నట్టు అనిపిస్తుంది. కానీ రెండు కేటగిరీలను ఒకటి చేశాక ఉమ్మడి జాబితా వేయక తప్పదు. రెండూ సమానమని తేల్చినప్పుడు ఎవరు ఎప్పుడు ఆ స్థాయికి క్రమబద్ధంగా వచ్చారన్నదే కొలబద్ద. 2006 తేదీ 2008 కన్నా ముందుది. అంతకు మించి అందులో ఏమీ లేదు.

సమానమని తేల్చడానికి నాలుగు కొలతలు ఉన్నాయి. 1956లో రాష్ట్రాలు పునర్వ్యవస్థీకరణ అయినప్పుడు ఈ సమస్య దేశమంతా వచ్చింది. పోస్టు స్వభావం, విధులు ఒకటి. అధికారి చెలాయించే అధికారాలు, బాధ్యతలు, ఆయన పరిధి రెండు. నియామకానికి కనీస అర్హతలు మూడు. జీతం నాలుగు. జీతాన్ని చివర పెట్టడం గమనించండి. స్కేలు ఒకటైనంత మాత్రాన పోస్టులు ఒకటి కావు, స్కేలులో కొద్ది తేడా ఉన్నంత మాత్రాన వేరూ కావు. పి.కె. రాయ్ కేసులో సుప్రీంకోర్టు ఈ నాలుగింటినీ ఆమోదించింది.

మన ప్రాంతానికి దగ్గరి కథ మహమ్మద్ షుజాత్ అలీ కేసు. హైదరాబాద్ రాష్ట్రంలోని ఇంజనీరింగ్ సూపర్‌వైజర్లనూ ఆంధ్ర వైపు నుంచి వచ్చినవారినీ కలిపినప్పుడు మొదలైన తగువు అది. 1956లో రాష్ట్రం ఏర్పడితే 1974లో గానీ సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తీర్పు రాలేదు. పద్దెనిమిదేళ్లలో ఎంతమంది పదవీ విరమణ చేసి ఉంటారో ఆలోచించండి. ఆ తీర్పులో మీకు పనికొచ్చే మాట, మీకు నచ్చని మాట ఒకటి ఉంది: ప్రమోషన్ అవకాశాలు సర్వీసు షరతులు కావు. అంటే పోస్టులు కలపడం వల్ల మీ ప్రమోషన్ రెండేళ్లు వెనక్కి జరిగిందన్న ఒక్క కారణంతో ఆ కలపడాన్ని కొట్టేయించలేరు. ప్రమోషన్‌కు మిమ్మల్ని పరిగణనలోకి తీసుకోమనడం మీ హక్కు. అందుకు సరైన స్థానం జాబితాలో ఇవ్వమనడం కూడా హక్కే. ‘నిన్న నా ముందు ముగ్గురే ఉన్నారు, ఇవాళా ముగ్గురే ఉండాలి’ అన్నది హక్కు కాదు.

టైపిస్టుల తరఫున ఒక మాట చెప్పకపోతే నా మనసు ఊరుకోదు. ఒక కార్యాలయంలో ఇలాగే కలిపినప్పుడు, టైపిస్టులకు ఫైళ్లు నడపడం రాదని జూనియర్ అసిస్టెంట్లు అభ్యంతరం పెట్టారు. నోట్ రాసే పని నాకు పడింది. పని పంపిణీ రిజిస్టర్లు తీయిస్తే, కంప్యూటర్లు వచ్చాక టైపు పని తగ్గి, అయిదుగురు టైపిస్టులలో నలుగురు ఏడెనిమిదేళ్లుగా సెక్షన్లు చూస్తున్నారు. తపాలు వాళ్లే తీసుకుంటున్నారు, రిమైండర్లకు సంజాయిషీ వాళ్లే చెప్పుకుంటున్నారు. పై మెట్టు లేకపోవడం వల్ల ఇరవై ఏళ్లు అదే కుర్చీలో ఉన్నవారు ఇద్దరు. పని సమానంగా చేయించుకుని, జాబితా దగ్గరికి వచ్చేసరికి వేరు అనడం న్యాయం కాదని రాశాను. ఇవాళ రాయమన్నా అదే రాస్తాను.

అయితే టైపిస్టు 2006 తేదీ క్రమబద్ధ నియామక తేదీయేనా అని అడిగే హక్కు మీకుంది. 2006లో తాత్కాలిక ఏర్పాటుగా వచ్చి, ఆ తర్వాత ఎప్పుడో క్రమబద్ధం అయి ఉంటే లెక్క మారుతుంది. 1990లో మహారాష్ట్ర ఇంజనీర్ల కేసులో రాజ్యాంగ ధర్మాసనం రెండు వైపులా గీత గీసింది. నిబంధనల ప్రకారం నియమితులైతే సీనియారిటీ నియామక తేదీ నుంచే, ఖాయపరచిన తేదీ నుంచి కాదు. నిబంధనలతో సంబంధం లేకుండా, పని ఆగకుండా చేసుకున్న తాత్కాలిక ఏర్పాటు అయితే ఆ కాలం లెక్కకు రాదు. సందేహం ఉంటే ‘క్రమబద్ధ నియామక తేదీ, ఉత్తర్వు నంబరు తెలపండి’ అని ఒక్క వాక్యం రాయండి. ఆరోపణ చేయకండి.

2012లో చేరిన వ్యక్తి గురించి. ఇక్కడ తర్కం సూటిగా ఉంది. పరస్పర బదిలీ మీద వచ్చిన ఆయనకు పాత సర్వీసు పూర్తిగా రక్షించారనే అనుకుందాం. అప్పుడు ఆయన తేదీ 2012. రక్షించలేదనుకుందాం. అప్పుడు 2022. రెండూ మీ 2008 తర్వాతవే. అందుకే అన్నాను, మీరు ఆయనతో పోట్లాడనవసరం లేదని. ఒకే ఒక్క వాదన అడ్డు రావచ్చు: ‘నేను ఎవరితో మారానో వారి స్థానం నాది’ అని. సూర్యాపేట నుంచి వెళ్లిన వ్యక్తి 2004 బ్యాచ్ అయితే ఈయన ఆ కుర్చీతో పాటు ఆ వరుసనూ అడుగుతారు. కుర్చీ మార్చుకోవచ్చు గానీ సర్వీసు మార్చుకోలేరు. అయినా 2022 ఫిబ్రవరిలో పరస్పర బదిలీలకు వచ్చిన ఉత్తర్వులూ వాటి సవరణలూ సీనియారిటీ మీద ప్రత్యేకంగా షరతులు పెట్టాయి. కాబట్టి ఆయన బదిలీ ఉత్తర్వు నకలు చూసి, సీనియారిటీ షరతు ఉన్న పేరా చదివాకే రాయండి. విన్నదాన్ని బట్టి రాయవద్దు.

ఇక్కడే మీకు ఒక హెచ్చరిక. నల్గొండకు తిరిగి వెళ్లాలని మీకుందని ప్రశ్న చివర రాశారు. తల్లిదండ్రులు అక్కడే ఉన్నారన్నారు, అర్థం చేసుకోగలను. కానీ ఇప్పుడు మీరే దరఖాస్తు పెట్టుకుని వెళ్తే అది నిజంగా ‘సొంత కోరిక’ అవుతుంది. ఇవాళ పోయిందని భయపడుతున్న పదమూడేళ్లూ అప్పుడు నిజంగానే పోవచ్చు. భార్యాభర్తల కారణం, ఆరోగ్య కారణం, పరస్పర అంగీకారం అంటూ తర్వాత వచ్చిన అవకాశాలు వాడుకున్నవారు సంతోషంగా ఇల్లు చేరారు గానీ, ఉత్తర్వులోని సీనియారిటీ షరతు చదవకుండా సంతకం చేసినవారూ ఉన్నారు. వెళ్లవద్దని అనను. అమ్మానాన్నల దగ్గర ఉండటం ప్రమోషన్ కన్నా ఎక్కువ అనుకుంటే అది మీ నిర్ణయం, మంచి నిర్ణయమే. తెలిసి తీసుకోండి, అంతే.

ఇక చేయవలసిన పని. పదకొండు రోజులున్నాయి, చాలు.

అభ్యంతరం ఒక పేజీ మించకూడదు. సెక్షన్ గుమాస్తాకు మీ బాధ కాదు, మీ వరుస సంఖ్య, తేదీ, ఆధారం కావాలి. ఇలా రాయవచ్చు: ‘ముసాయిదా జాబితాలో వరుస సంఖ్య ఫలానా వద్ద నా సీనియారిటీ లెక్కించిన తేదీ ఫలానాగా చూపారు. నేను ఈ కేటగిరీలో క్రమబద్ధంగా నియమితుడనైన తేదీ 2008లో ఫలానా. నేను సొంత కోరికపై బదిలీ కాలేదు. రాష్ట్రపతి ఉత్తర్వుల అమలులో భాగంగా, ఫలానా ఉత్తర్వు ద్వారా ఈ కేడర్‌కు కేటాయించబడ్డాను. కాబట్టి 33, 35 నిబంధనల ప్రకారం నియామక తేదీ నుంచి సీనియారిటీ లెక్కించి, నా స్థానాన్ని సవరించగలరు. తిరస్కరించే పక్షంలో కారణాలతో కూడిన ఉత్తర్వు ఇవ్వగలరు.’ చివరి వాక్యం వదలకండి. కారణం లేని తిరస్కారం మీద పై అధికారి దగ్గరైనా కోర్టులోనైనా నిలబడటం సులువు గనుక, కారణం రాయాల్సి వస్తుందని తెలిస్తే సెక్షన్ కూడా శ్రద్ధగా చూస్తుంది.

దీనికి నియామక ఉత్తర్వు, ప్రొబేషన్ పూర్తయినట్టు ప్రకటించిన ఉత్తర్వు, కేటాయింపు ఉత్తర్వు, ఉమ్మడి జిల్లా జాబితాలో మీ పేరున్న పేజీ జతచేయండి. తపాలులో ఇచ్చి ఇన్‌వార్డ్ నంబరు, తేదీ ముద్ర మీ నకలు మీద వేయించుకోండి. ‘ఇచ్చి వెళ్లండి, నేను చూసుకుంటాను’ అన్న మాట ఎంత మంచి మనసుతో అన్నా అది నీటి మీద రాతే. ఆ మాట అన్నవారు మరుసటి నెల బదిలీ అయితే మీ కాగితం ఎక్కడుందో చెప్పే దిక్కుండదు.

సమాచార హక్కు చట్టం కింద పది రూపాయల రుసుముతో ఆ ఇద్దరి నియామక, బదిలీ ఉత్తర్వుల నకళ్లు అడగండి. కానీ ఆ జవాబు కోసం అభ్యంతరం ఆపకండి. చట్టం వాళ్లకు 30 రోజులు ఇస్తుంది, మీకున్నవి 11. అభ్యంతరం ఇప్పుడే ఇచ్చి, ‘కోరిన నకళ్లు అందాక అదనపు వివరణ సమర్పించుకునే హక్కును నిలుపుకుంటున్నాను’ అని రాయండి. ఈ చిన్న జాగ్రత్త లేక గడువు దాటబెట్టుకున్నవారిని చాలామందిని చూశాను.

ఆలస్యం మీద కోర్టులు కఠినంగా ఉంటాయి. 1986లో కె.ఆర్. ముద్గల్ కేసులో, 2009లో శివశంకర్ మహాపాత్ర కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఒకటే: ఏళ్ల తరబడి అమల్లో ఉన్న జాబితాను కదిలించకూడదు. రెండో తీర్పు మూడు నాలుగేళ్లను సమంజసమైన హద్దుగా పేర్కొంది. అంతకాలం ఊరుకుని, మధ్యలో ఏటా ఒక విజ్ఞాపన పెట్టి, చివరి విజ్ఞాపన తిరస్కరించిన తేదీ నుంచి లెక్కేయమంటే కుదరదని 2008లో సి. జాకబ్ కేసు చెబుతుంది.

కోర్టుకు వెళ్లాల్సి వస్తే ఇప్పుడు నేరుగా హైకోర్టే. మన రాష్ట్రానికి పరిపాలనా ట్రిబ్యునల్ పరిధి 2016లోనే రద్దయింది. వెళ్తే ఒక్కటి మరవకండి. పాలమూరు వైపు ఒక కార్యాలయంలో ముగ్గురు ఉద్యోగులు బలమైన కేసుతో వెళ్లారు. తమకన్నా పైన తప్పుగా ఉంచిన తొమ్మిది మందిని ప్రతివాదులుగా చేర్చలేదు. రోజూ ముఖాలు చూసుకునేవాళ్ల మీద కేసు వేయడానికి మొహమాటపడ్డారు. ఎవరి స్థానం కిందికి పోతుందో వారి మాట వినకుండా కోర్టు తీర్పు ఇవ్వదు, 1984లో ప్రబోధ్ వర్మ కేసు నుంచి ఇది స్థిరమైన మాట. వారిని చేర్చి మళ్లీ మొదలుపెట్టేసరికి రెండు ప్యానెల్ సంవత్సరాలు గడిచాయి. ముగ్గురిలో ఒకరు ఈలోగా పదవీ విరమణ చేశారు. ఆయనకు చివరికి నోషనల్ ప్రమోషన్, అంటే కాగితం మీద లెక్కకు మాత్రమే ఇచ్చే ప్రమోషన్, వచ్చింది, పెన్షన్‌లో కొంత కలిసింది. ఆ కుర్చీలో ఒక్కరోజు కూడా కూర్చోలేదు. ఆయన ఇంటికి ఆ ఉత్తర్వు కాపీ తీసుకెళ్లి ఇచ్చింది నేనే. అందుకే ఈ విషయాన్ని ఇంత గట్టిగా చెబుతున్నాను.

సీనియారిటీ ఒక్కటే ప్రమోషన్ ఇవ్వదన్నది కూడా చూసుకోండి. ప్యానెల్ సంవత్సరం సెప్టెంబరు 1 నుంచి మరుసటి ఆగస్టు 31 వరకు. అర్హత తేదీకి మీ డిపార్ట్‌మెంటల్ పరీక్షలు పాసై, ఆ నమోదు సర్వీసు రిజిస్టరులో ఉండాలి. జాబితాలో మొదటి పేరున్నా పరీక్ష లేకపోతే రెండో పేరు వెళ్తుంది. జూనియర్ అసిస్టెంటు స్థాయి జిల్లా కేడర్ అయినా పై మెట్టుకు వెళ్లాక జోన్ పరిధి వస్తుంది కాబట్టి, జనగామ నుంచి వచ్చినవారితోనూ అక్కడ మళ్లీ ఉమ్మడి జాబితా ఉంటుంది. ఆ జాబితా వచ్చిన రోజు కూడా ఇవే కాగితాలు కావాలి, భద్రంగా దాచండి.

మీ బ్యాచ్‌లో మీతోపాటు ఎంపికైనవారితో తేడా ఏమైనా ఉంటే అది వేరే లెక్క. అక్కడ చేరిన తేదీ కాదు, ఎంపిక జాబితాలోని మెరిట్ వరుస చూస్తారు. రోస్టరు పాయింటు (రిజర్వేషన్ల వరుసలోని స్థానం) నియామకం కోసమే గానీ సీనియారిటీ కోసం కాదని 2003లో బిమలేష్ తన్వర్ కేసులో తేలింది.

ఈ సమాధానం చదివే మరికొందరి కోసం రెండు మాటలు. వీఆర్వోలుగా (గ్రామ రెవెన్యూ అధికారులుగా) ఉండి, 2020 చట్టంతో ఆ పోస్టే రద్దై, 2022లో ఇతర శాఖలకు వెళ్లినవారు నా జవాబును యథాతథంగా తమకు వర్తింపజేసుకోవద్దు. వారిది కేడర్ మారడం కాదు, పోస్టే లేకుండా పోయి కొత్త శాఖలో వేరే కేటగిరీలోకి రావడం. వారి విలీన ఉత్తర్వులోని షరతులే మొదటి ఆధారం. అలాగే విద్యుత్ సంస్థల వంటి కార్పొరేషన్లలో పనిచేసేవారికి ఆ సంస్థ సొంత సర్వీసు రెగ్యులేషన్లు ఉంటాయి. 33, 35 నిబంధనలు నేరుగా వర్తించకపోవచ్చు, వాటిని స్వీకరించారా లేదా రెగ్యులేషన్లలో చూడాలి.

మీరు మాత్రం రేపు పొద్దున ఆఫీసు తెరవగానే జాబితాలో మీ వరుసను ఫోటో తీయండి. సర్వీసు రిజిస్టరులో కేటాయింపు నమోదు ఉన్న పేజీని అడిగి చూడండి. ఆ రెండుచోట్లా ఉన్న తేదీలనూ, కేటాయింపు ఉత్తర్వు పీఠికనూ మాటకు మాట ఇక్కడ రాయండి. అభ్యంతరం ఇచ్చేలోపు చూసి, ఏదైనా మార్చాల్సి ఉంటే చెబుతాను.